తొలి మెట్టు మీదే ఆగిపోయిన జీతం

సంపాదకుల వారికి నమస్కారం.

2008 డీఎస్సీలో నష్టపోయిన బీఈడీ అభ్యర్థులకు తెలంగాణ ప్రభుత్వం 2025 ఫిబ్రవరిలో కాంట్రాక్టు పద్ధతిలో ఎస్జీటీ (సెకండరీ గ్రేడ్ టీచరు) కొలువులు ఇచ్చింది. ఆలస్యంగానైనా న్యాయం జరిగిందని అందరూ సంతోషించారు. జరిగింది సగం న్యాయమే. వాళ్లకిచ్చే జీతం నెలకు 31,040 రూపాయలు. 2020 పీఆర్సీ (వేతన సవరణ)లో రెగ్యులర్ ఎస్జీటీ స్కేలు 31,040–92,050 కాబట్టి, అంకె ఒకటే కదా, ఇంకా గొడవేమిటని అడిగేవాళ్లున్నారు. ఒకే బడిలో పనిచేసే ఇద్దరి పే స్లిప్పులు పక్కపక్కన పెట్టి చూస్తే గొడవేమిటో తెలుస్తుంది.

2024 డీఎస్సీలో ఎంపికై అక్టోబరులో చేరిన రెగ్యులర్ ఎస్జీటీ మూల వేతనమూ 31,040తోనే మొదలైంది. దాని మీద 2025లో ప్రకటించిన 30.03 శాతం డీఏ (కరువు భత్యం) లెక్కన 9,321 రూపాయలు, పల్లెటూరి బడి అయితే 11 శాతం హెచ్‌ఆర్‌ఏ (ఇంటి అద్దె భత్యం) కింద 3,414 రూపాయలు కలిసేవి. మొత్తం 43,775. పక్క గదిలో అదే పాఠం చెప్పే కాంట్రాక్టు టీచరుకు 31,040 దగ్గరే లెక్క ముగుస్తుంది. తేడా నెలకు 12,735, ఏడాదికి లక్షన్నర పైమాటే. రెగ్యులర్ టీచరు జీతం ఖజానాలోని 010 అనే జీతాల పద్దు కింద వస్తుంది. కాంట్రాక్టు టీచరు మాత్రం బడ్జెట్ విడుదల ఉత్తర్వు కోసం ఎదురుచూడాలి.

ఇది మొదటి ఏడాది సంగతి. అసలు నష్టం తర్వాతి ఏళ్లలో ఉంది. రెగ్యులర్ టీచరుకు ఏటా ఇంక్రిమెంటు పడుతుంది. ప్రమోషన్ రాకపోయినా ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ పథకం కింద 6, 12, 18, 24 ఏళ్లకు స్కేళ్లు మారుతాయి. ఇందులో 12 ఏళ్ల స్కేలు కీలకం. ఎస్జీటీకి డిగ్రీ, బీఈడీ ఉంటే స్కూల్ అసిస్టెంట్ స్కేలు, అంటే 42,300–1,15,270 వర్తిస్తుంది. ఆ అర్హత లేక 12 ఏళ్ల దగ్గర ఆగిపోయిన ఎస్జీటీలు ఎందరో ఉన్నారు. 2008 వాళ్ల విషయం దీనికి పూర్తిగా తలకిందులు. వాళ్లందరూ బీఈడీ చేసినవాళ్లే. ఆ ఏడాది ఎస్జీటీ పోస్టుల్లో 30 శాతం డీఎడ్ వారికి కేటాయించడంతోనే వాళ్లకు మెరిట్ ఉండి కూడా ఉద్యోగం తప్పింది. పై స్కేలుకు కావలసిన చదువు చేతిలో ఉంది, ఆ స్కేలుకు లెక్కించాల్సిన సర్వీసు మాత్రం మొదలే కాలేదు.

వయసు కూడా చూడండి. ఇప్పుడు 45 ఏళ్లున్నవారికి 61 ఏళ్ల విరమణ వయసు లెక్కన మిగిలింది 16 ఏళ్లు. ఈరోజే సర్వీసు లెక్కించడం మొదలుపెట్టినా 6, 12 ఏళ్ల స్కేళ్లు మాత్రమే అందుతాయి. 52 ఏళ్లవారికి 6 ఏళ్లది ఒక్కటే. ఆలస్యమయ్యే ప్రతి ఏడాదీ వీళ్ల చేతికందే స్కేళ్లను తగ్గిస్తూ పోతుంది.

సమాన పనికి సమాన వేతనంపై 2016 అక్టోబరు 26న జగ్జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. తాత్కాలిక ఉద్యోగి రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేస్తుంటే ఆ పోస్టు స్కేలులోని కనీస వేతనానికి అర్హుడని చెప్పింది. కుటుంబాన్ని పోషించుకోవడానికి తక్కువ జీతానికి ఒప్పుకున్నవాడు ఇష్టపడి ఒప్పుకున్నట్టు కాదని కూడా స్పష్టం చేసింది. ఇంతకంటే తగ్గకూడదని కోర్టు గీసిన గీతను ప్రభుత్వాలు ఇంతకు మించకూడదనే గీతగా మార్చుకున్నాయి. ఆంధ్రప్రదేశ్‌లోనూ 2008 వాళ్లను 2021లో ఇలాగే మినిమం టైమ్ స్కేలు (స్కేలులోని కనీస వేతనం) మీద తీసుకున్నారు. అప్పటి అంకె 21,230.

మనకు ఇది కొత్త పాఠం కాదు. ఉమ్మడి రాష్ట్రంలో 1980లలో నెలకు 398 రూపాయల స్థిర వేతనంపై ప్రత్యేక ఉపాధ్యాయులను నియమించారు. వాళ్లకు ‘398 టీచర్లు’ అనే పేరే స్థిరపడిపోయింది. ఆ కాలానికి నోషనల్ (బకాయిలు ఇవ్వకుండా కాగితం మీద లెక్కించే) ఇంక్రిమెంట్ల కోసం వాళ్లు ఏళ్ల తరబడి కాగితాలు పట్టుకుని తిరిగారు. అలాంటి చోట పని చెడేది ఎప్పుడూ రుజువు దగ్గరే. చేరిన తేదీ ఒక కాగితంలో ఒకటి, ఇంకో కాగితంలో ఇంకొకటి ఉంటుంది. పాత హాజరు పట్టీ దొరకదు. ఒక ఏడాదికీ మరో ఏడాదికీ మధ్య రెన్యువల్ ఉత్తర్వులో నాలుగు రోజుల ఖాళీ కనిపిస్తుంది. ఆ నాలుగు రోజులే సర్వీసు బ్రేకు అంటారు.

కాబట్టి కాంట్రాక్టు టీచర్లు నియామక ప్రొసీడింగ్స్, ఎంఈఓ (మండల విద్యాధికారి) సంతకంతో జాయినింగ్ రిపోర్టు, ప్రతి ఏటి రెన్యువల్ ఉత్తర్వు, ప్రధానోపాధ్యాయులు ధ్రువీకరించిన నెలవారీ హాజరు నకళ్లు ఇప్పటినుంచే రెండు సెట్లుగా దాచుకోవాలి. జీతం జమైన బ్యాంకు స్టేట్‌మెంట్ కూడా పనికొస్తుంది.

ప్రభుత్వం చేయాల్సిన పనుల్లో డీఏ, హెచ్‌ఆర్‌ఏ, ఏటా ఇంక్రిమెంటు ముందు వరసలో ఉండాలి. వాటికి డబ్బు కావాలి, చర్చలు కావాలి, అర్థం చేసుకోగలం. కానీ చేరిన తేదీతో ప్రతి ఒక్కరికీ సర్వీస్ రిజిస్టర్ తెరిచి, రేపు రెగ్యులర్ చేసినప్పుడు ఈ కాలాన్ని ఇంక్రిమెంట్లకూ 6, 12 ఏళ్ల స్కేళ్లకూ నోషనల్‌గా లెక్కిస్తామని ఉత్తర్వు ఇవ్వడానికి ఇప్పటికిప్పుడు ఖజానాపై భారమేమీ పడదు. విద్యా సంవత్సరం ముగిసేలోగా ఆ రిజిస్టర్లు తెరవాలి.

– ఉపాధ్యాయ సంఘ కార్యకర్తలు, నల్లగొండ జిల్లా