ఆట నుంచి మాటకు దారి చూపినవాళ్లకు

వీడియో గేమ్ పోటీల్లో (ఈస్పోర్ట్స్) ఆడటం ఆపి స్ట్రీమింగ్‌లోకి, కామెంటరీలోకి వచ్చే ఆటగాడికి ఆట ఎవరూ నేర్పక్కర్లేదు. మైకు, ప్రసారం, మాట, కాంట్రాక్టు మాత్రం ఎవరో ఒకరు పక్కన కూర్చుని చెప్పాల్సిందే. మా తెలుగు కామెంటరీ బృందంలోకి అలా వచ్చిన ఆటగాళ్లకు అడగ్గానే సాయపడిన పెద్దలకు, అన్నలకు, అక్కలకు, తమ్ముళ్లకు ఈ కృతజ్ఞతలు. పేర్లు రాయొద్దన్నారు, రాయడం లేదు. ఎవరు ఏం చెప్పారో, అది ఎందుకు పనికొచ్చిందో మాత్రం విడమరచి రాస్తున్నాం. ఎవరి మాట ఏదో వాళ్లకు తెలుస్తుంది. ఇదే దారిలో ఉన్న మిగతావాళ్లకూ అక్కరకొస్తుంది.

ముందుగా, సభలకు సౌండ్ పెట్టే అన్నకు. మన ఇళ్లలో మైకుకు మొదటి శత్రువు సీలింగ్ ఫ్యాన్. మే నెలలో ఫ్యాన్ ఆపి నాలుగు గంటలు మాట్లాడమంటే ఎవరివల్లా కాదు. కండెన్సర్ మైకు గదిలో ఉన్న చప్పుడంతా లాగేస్తుంది, డైనమిక్ మైకు నోటి దగ్గరి మాటనే ఎక్కువగా పట్టుకుంటుంది. అందుకే అన్న డైనమిక్ కొనమన్నాడు. నోటికి బెత్తెడు దూరంలో, ఎదురుగా కాకుండా కాస్త పక్కవాటుగా పెట్టాలి. అలా పెడితే 'ప', 'ఫ', 'భ' పలికినప్పుడు వచ్చే గాలి మైకు పక్కనుంచి పోతుంది, టప్ టప్ మనదు.

ప్రసారం చేసే సాఫ్ట్‌వేర్ ఓబీఎస్‌లో ఫిల్టర్లు పైనుంచి కిందికి ఒకదాని తర్వాత ఒకటి పనిచేస్తాయి, కాబట్టి వరుస ముఖ్యం. ముందు వెనక చప్పుడు తగ్గించే నాయిస్ సప్రెషన్, తర్వాత గొంతు తీరు సర్దే ఈక్వలైజర్, ఆ తర్వాత శబ్దం హెచ్చుతగ్గుల్ని దగ్గరకు తెచ్చే కంప్రెసర్ (3:1 లేదా 4:1), చివర హద్దు దాటనివ్వని లిమిటర్. కంప్రెసర్‌ని ముందు పెడితే ఫ్యాన్ చప్పుడును కూడా పైకి లేపి నాయిస్ సప్రెషన్‌కి అందిస్తుంది, అప్పుడు గొంతు నీళ్లలోంచి వస్తున్నట్టు వినిపిస్తుంది. మామూలు మాట మైనస్ 12 నుంచి మైనస్ 6 డెసిబెల్స్ మధ్య ఆడాలి, ఆట శబ్దం మైనస్ 20 కంటే కింద ఉండాలి. ఇంకో చక్కటి కిటుకు: ఆట శబ్దానికి కూడా ఒక కంప్రెసర్ తగిలించి, దాని సైడ్‌చెయిన్‌లో మైకును ఎంచుకుంటే, కామెంటేటర్ నోరు తెరవగానే తుపాకుల మోత దానంతటదే తగ్గుతుంది. గొంతు ఎడమ చెవిలోనే వినిపిస్తోందని ఫిర్యాదు వస్తే మైకు పాడైనట్టు కాదు. ఆడియో ఇంటర్‌ఫేస్ మొదటి ఇన్‌పుట్‌ను ఎడమ చానల్‌గా పంపిస్తోందని అర్థం. అడ్వాన్స్‌డ్ ఆడియో ప్రాపర్టీస్‌లో మోనో టిక్ పెడితే చాలు. విండోస్‌లో 44.1, ఓబీఎస్‌లో 48 కిలోహెర్ట్జ్ ఉంటే చిటపటలు రావొచ్చు. రెండూ 48 చేయాలి.

ఇంటర్నెట్ లైను వేసిన తమ్ముడికి, ఇన్వర్టర్ చూసిపెట్టిన బాబాయికి. 1080పీ 60 ఫ్రేములకు బిట్‌రేట్ (సెకనుకు పంపే డేటా) 6000 కేబీపీఎస్ పెట్టుకుంటే అప్‌లోడ్ నిలకడగా 10 ఎంబీపీఎస్ ఉండాలి. నాలుగు గంటల ప్రసారానికి దాదాపు 10.8 జీబీ పోతుంది, ఫోన్ డేటా మీద చేసేవాళ్లు ఈ లెక్క గుర్తుపెట్టుకోవాలి. లైను అంత లేకపోతే 720పీకి దిగి 4000 దగ్గర ఆపడం మేలు. చూసేవాళ్లు బొమ్మ కాస్త మసకగా ఉన్నా ఓర్చుకుంటారు, మాట తెగితే వెళ్లిపోతారు. రేట్ కంట్రోల్ సీబీఆర్ (బిట్‌రేట్‌ను మారకుండా ఉంచేది), కీఫ్రేమ్ ఇంటర్వెల్ 2 సెకన్లు, వైఫై బదులు వైరు.

బొమ్మ ఆగిఆగి వస్తోందంటే నెట్‌ను తిట్టేముందు ఓబీఎస్‌లో స్టాట్స్ తెరవమన్నాడు తమ్ముడు. అక్కడ మూడు అంకెలుంటాయి. నెట్‌వర్క్ వల్ల డ్రాప్ అయిన ఫ్రేములు పెరుగుతుంటే తప్పు లైనుది, బిట్‌రేట్ తగ్గించాలి. ఎన్‌కోడింగ్ ల్యాగ్ పెరుగుతుంటే ప్రాసెసర్ మోయలేకపోతోంది, ఎన్విడియా కార్డు ఉంటే ఎన్‌కోడర్‌ను ఎన్‌వెంక్‌కు (బొమ్మను కుదించే పని ఆ కార్డే చేసేది) మార్చాలి. రెండరింగ్ ల్యాగ్ పెరుగుతుంటే గ్రాఫిక్స్ కార్డును ఆటే మొత్తం తినేస్తోంది, ఆట ఎఫ్‌పీఎస్‌కు (సెకనుకు వచ్చే ఫ్రేములకు) హద్దు పెట్టాలి. ప్రో ఆటగాళ్లకు ఈ మూడోది ఎక్కువ తగులుతుంది. పోటీ అలవాటుతో ఎఫ్‌పీఎస్‌ను ఎప్పుడూ పైకి వదిలేసి ఉంచుతారు మరి.

కరెంటు పోతే ఇన్వర్టర్ ఉంది కదా అనుకుంటాం. మారే ఆ క్షణంలోనే కంప్యూటర్ రీస్టార్ట్ కావొచ్చు. ఇన్వర్టర్ వెనకున్న స్విచ్‌ను యూపీఎస్ మోడ్‌లో పెట్టాలి, లేదా కంప్యూటర్‌కు విడిగా యూపీఎస్ ఉండాలి. రౌటర్‌ను, దాని పక్కనున్న ఫైబర్ డబ్బాను కూడా దానికే తగిలించాలి, చాలామంది మరిచేది ఇదే. రికార్డింగ్‌ను ఎంకేవీలో పెడితే మధ్యలో కరెంటు పోయినా అప్పటిదాకా ఉన్నది మిగులుతుంది, మామూలు ఎంపీ4 అయితే ఫైలే తెరుచుకోదు.

ఆటలో ఏ దృశ్యం తెరమీదికి రావాలో ఎంచే అబ్జర్వర్ అక్కకు ప్రత్యేకంగా. కామెంటేటర్లు ఇద్దరూ వేర్వేరు ఊళ్లలో ఉన్నప్పుడు, ఒకరు యూట్యూబ్ ప్రసారాన్నే చూస్తూ చెబితే అంతా చాలా సెకన్లు వెనక నడుస్తుంది. ప్రొడక్షన్ ఫీడ్‌ను ఇద్దరికీ నేరుగా పంపాలి. అప్పుడు కూడా గొంతు బొమ్మకు కాస్త ముందో వెనకో వస్తుంది. అక్క పద్ధతి ఇది: కెమెరా ముందు చప్పట్లు కొట్టించి, రికార్డింగ్‌లో చేతులు కలిసిన ఫ్రేముకూ శబ్దానికీ మధ్య ఎన్ని మిల్లీసెకన్లో కొలవడం, శబ్దం ముందొస్తుంటే సింక్ ఆఫ్‌సెట్‌లో ఆ అంకె వేయడం. పోటీలో ఆటగాళ్లెవరూ ప్రసారం చూసి ఎదుటివాళ్ల చోటు పట్టేయకుండా స్ట్రీమ్ డిలే పెడతారు, అంటే ప్రసారాన్ని కావాలనే ఆలస్యంగా పంపుతారు. 300 సెకన్ల డిలేకు, 6000 కేబీపీఎస్ దగ్గర, 225 ఎంబీ దాకా మెమొరీ కావాలి. డిలే ఉన్నప్పుడు చాట్‌ను 'ఇప్పుడు ఎవరు గెలుస్తారు?' అని అడగొద్దని కూడా అక్కే చెప్పింది, ఎందుకంటే జవాబు ఐదు నిమిషాల తర్వాత వస్తుంది.

ఇక మాట. సంక్రాంతికి ఊళ్లల్లో కబడ్డీ పోటీలకు మైకు పట్టే మాస్టారికి మేం ఎంత చెప్పుకున్నా తక్కువే. తెలుగు వాక్యంలో క్రియ చివర కూర్చుంటుంది. 'బీ సైట్ దగ్గర బాక్సు వెనక నుంచి స్మోక్‌లోకి దూరి ఇద్దర్ని లేపేశాడు' అని మొదలుపెడితే, 'లేపేశాడు' దగ్గరికి వచ్చేసరికి తెరమీద మూడోవాడు కూడా పడిపోయి ఉంటాడు. కబడ్డీలో కూతకెళ్లినవాడు గీత తాకేలోపే చెప్పాలి కాబట్టి మాస్టారు క్రియను ముందుకు లాగుతారు: 'పట్టేశారు! కాలు దొరికింది! లాగుతున్నాడు, లాగుతున్నాడు, గీత!' మన ఆటకూ అదే కొలత: 'పడ్డాడు! ఇంకొకడు! స్మోక్‌లోంచే! బీ ఖాళీ!' ముందు క్రియ, తర్వాత చోటు, కారణం మాత్రం గొడవ సద్దుమణిగాక. మాస్టారు మేం చెప్పే వాలరెంట్ (ఐదుగురేసి జట్ల తుపాకుల ఆట) ఎప్పుడూ ఆడలేదు, చూడలేదు. అయినా రెండు రౌండ్లు రికార్డింగ్ విని ఈ లోపం పట్టారు.

గౌరవ వాచకం గురించీ ఆయనదే తీర్పు. గొడవ నడుస్తున్నప్పుడు 'కొట్టాడు', 'కొట్టింది', మ్యాచ్ అయ్యాక మాట్లాడించేటప్పుడు 'మీరు'. రెండూ కలిపేస్తే వినేవాళ్లకు ముల్లులా గుచ్చుకుంటుంది. ఆటగాళ్ల గేమ్ పేర్లను మ్యాచ్‌కు ముందే వాళ్లనే అడిగి, తెలుగు లిపిలో కార్డుమీద రాసుకోమన్నారు. ఇంగ్లిష్ అక్షరాల్లో చూసి చదివితే ఇద్దరు కామెంటేటర్లు రెండు రకాలుగా పలుకుతారు.

పోటీల నుంచి వచ్చినవాళ్లలో తరచూ కనిపించే ఇబ్బందుల్ని సీనియర్ కామెంటేటర్లు ఓపిగ్గా దిద్దారు. మొదటిది, ఆటగాడి మాట నలుగురు జట్టువాళ్లకు ఇచ్చే ఆజ్ఞ. 'రెండు ఏ మెయిన్, ఒకడు లో, పుష్ పుష్' అంటే జట్టుకు అర్థమవుతుంది, ఇంట్లో చూసే అమ్మకు కాదు. రెండోది, ప్రసారంలో గోడల అవతల ఉన్నవాళ్ల ఆకారాలు కూడా కనిపిస్తాయి. ఆడేవాడికి కనిపించవు. 'ఎందుకు చూసుకోలేదు?' అనడం అన్యాయం. 'అతనికి వినిపించింది ఒక్కరి అడుగుల చప్పుడే, ఇద్దరున్నారని తెలియదు' అని చెబితే ఆటగాడిగా ఉన్న అనుభవానికి విలువ వస్తుంది.

అందుకే మాజీ ఆటగాళ్లను ముందు విశ్లేషణ కుర్చీలో కూర్చోబెట్టమన్నారు. ఆ కుర్చీకి గడియారం ఉంటుంది. వాలరెంట్‌లో కొనుగోలుకు 30 సెకన్లు, రౌండుకు 100 సెకన్లు, స్పైక్ (బాంబు) పెట్టాక పేలడానికి 45, దాన్ని ఆపే డిఫ్యూజ్‌కు 7. విశ్లేషకుడికి దక్కేది ఆ 30 సెకన్లే, అంటే మూడు వాక్యాలు: ఆటలోని డబ్బు, ఎబిలిటీలు (పాత్రల ప్రత్యేక శక్తులు), ఎత్తుగడ. డబ్బు లెక్క నోటికి రావాలి. గెలిస్తే 3000, వరుసగా ఓడితే 1900, 2400, 2900. వాండల్ తుపాకీ 2900, పూర్తి షీల్డ్ (కవచం) 1000. 3900 లేని జట్టు ఈ రౌండు వదిలేసి తర్వాతిదానికి దాస్తోందేమో అని ముందే చెప్పొచ్చు. స్పైక్ పెట్టిన తర్వాత మాత్రం విశ్లేషకుడు నోరు మూయాలి, ఆ 45 సెకన్లు ఆట చెప్పే పక్క కామెంటేటర్‌వి.

పబ్‌జీ మొబైల్‌కు భారత రూపమైన బీజీఎంఐలో ఇబ్బంది వేరు. 16 జట్లు, 64 మంది, ఒకేసారి మూడుచోట్ల గొడవ. తెరమీద ఉన్నదే చెప్పాలి, వేరేచోట ఏదో జరుగుతోందని చిన్న మ్యాపులో కనిపిస్తే టాక్‌బ్యాక్‌లో (ప్రసారంలోకి వెళ్లని లోపలి లైనులో) అబ్జర్వర్‌కు చెప్పాలి కానీ మైకులో కాదు. మొదటి పది నిమిషాలు లూట్ (ఆయుధాలు, సామాను ఏరుకోవడం) తప్ప ఏమీ ఉండదు. ఆ సమయం పాయింట్ల పట్టికది. మొదటి స్థానానికి 10, తర్వాత 6, 5, 4, 3, 2, 1, 1, ప్రతి కిల్‌కు 1. ఏ జట్టుకు ఎంత కావాలో అప్పుడే లెక్కగట్టి చెప్పాలి, లేకపోతే చివరి సర్కిల్ గొడవలో ఆ లెక్కకు చోటుండదు.

గొంతు గురించి సంగీతం టీచరుగారికి చాలా కృతజ్ఞతలు. అరుపు గొంతులోంచి కాదు, పొట్టలోంచి రావాలి. గోరువెచ్చటి నీళ్లు. మ్యాచ్‌కూ మ్యాచ్‌కూ మధ్య మౌనం.

ఆడిటర్‌గారికి, వకీలు అన్నకు. ప్రైజ్ మనీ మీద సాధారణంగా 30 శాతం ముందే కోసుకుని ఇస్తారు. కామెంటరీ ఫీజు వృత్తి ఆదాయం, దాంట్లోంచి మైకు, నెట్ బిల్లు వంటి ఖర్చులు చూపించుకోవచ్చు. కాబట్టి బిల్లులన్నీ దాచాలి. కాంట్రాక్టులో ఇన్వాయిస్ ఇచ్చిన ఎన్ని రోజులకు డబ్బు వస్తుందో, మ్యాచ్ రద్దయితే ఏమిటో, క్లిప్పులు మన చానల్లో పెట్టుకోవచ్చా లేదా అన్నది రాయించుకోవాలి. చూసేవాళ్లు డబ్బు కట్టి పంపే యూట్యూబ్ సూపర్ చాట్‌లో 30 శాతం వాళ్లు ఉంచుకుంటారు. 2025 ఆగస్టులో వచ్చిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం ఈస్పోర్ట్స్‌ను గుర్తిస్తూనే డబ్బు పెట్టి ఆడే ఆటల్ని నిషేధించింది. వాటిని ప్రచారం చేసినా రెండేళ్ల దాకా జైలు, 50 లక్షల దాకా జరిమానా ఉన్నాయి. తెలంగాణలో 2017 నుంచి, ఆంధ్రప్రదేశ్‌లో 2020 నుంచి రాష్ట్ర చట్టాలూ ఉన్నాయి. కొత్త స్ట్రీమర్‌కు ముందుగా వచ్చే స్పాన్సర్ మెయిళ్లలో ఇలాంటి డబ్బు ఆటలవీ కలిసే వస్తాయి, కాబట్టి సంతకానికి ముందు వకీలుకు చూపించండి.

ఒక్క ఆటమీద, ఒక్క వేదికమీద బతకొద్దని వకీలు అన్న పదేపదే చెప్పేది. 2019 మార్చిలో పబ్‌జీ మొబైల్ ఇండియా సిరీస్ ఫైనల్స్ హైదరాబాద్‌లోనే జరిగాయి, సోల్ జట్టు గెలిచింది. ఆ ఆట 2020 సెప్టెంబరులో నిషేధంలో పడింది. 2021 జులైలో బీజీఎంఐగా వచ్చి, 2022 జులైలో మళ్లీ ఆగి, 2023 మేలో తిరిగొచ్చింది. 2018లో క్లౌడ్9 జట్టు నుంచి తప్పుకుని స్ట్రీమింగ్‌కు వచ్చిన ఆటగాడు ష్రౌడ్, మిక్సర్ అనే ప్రసార వేదికకు మారిన ఏడాదిలోపే 2020 జులైలో ఆ వేదికే మూతపడింది. అతను ట్విచ్‌కు తిరిగొచ్చాడు, చూసేవాళ్లు వెంట వచ్చారు. బ్రిటన్ ఆటగాడు కేడ్రెల్ లీగ్ ఆఫ్ లెజెండ్స్ అనే ఆటలో జంగ్లర్ స్థానంలో ఆడి, యూరప్ లీగ్ కామెంటరీకి వచ్చి, అక్కణ్నుంచి కో-స్ట్రీమింగ్‌కు (అసలు మ్యాచ్‌ను తన చానల్లో తన మాటలతో చూపించడానికి) మారాడు. కో-స్ట్రీమ్ చేయాలంటే నిర్వాహకుల అనుమతి, వాళ్ల ప్రకటనల నియమాలు ముందే చదవాలి.

చాట్ కాపలా కాసిన పిల్లలకు. కొత్త కామెంటేటర్‌ను పాత ఓటముల పేరుతో గుచ్చేవాళ్లను మాటకు మాట అనకుండా టైమౌట్‌లో పెట్టారు. అమ్మాయి కామెంటేటర్ ఉన్న రోజుల్లో బ్లాక్ పదాల జాబితాను తెలుగు బూతుల ఇంగ్లిష్ అక్షరాల రూపాలతో సహా ముందే నింపి ఉంచారు. యూట్యూబ్ దానంతటది ఆ రాతలన్నీ పట్టుకోదు.

వీళ్లందరి మాటల్లోంచి ఒక పదాల పట్టిక తయారైంది. నాక్, రష్, స్మోక్, జోన్ అలాగే ఉంచాం, అందరికీ అవే తెలుసు. దాక్కుని ఎదురుచూడటానికి 'మాటు', రెండువైపుల నుంచి వస్తే 'చుట్టుముట్టడం', ఇద్దరు కొట్టుకుంటుంటే మూడో జట్టు వచ్చి పడితే 'మధ్యలో దూరడం' వాడుతున్నాం. అడిగినవాళ్లకు పట్టిక పంపుతాం. 'రొటేషన్'కు (జట్టు ఒకచోటి నుంచి ఇంకోచోటికి మారడానికి) మాత్రం ఊపిరి ఆడనివ్వని గొడవలో కూడా ఒక్క గుక్కలో పలకగలిగే తెలుగు మాట ఇంకా దొరకలేదు. మీ ఊళ్లో కబడ్డీకో, ఖోఖోకో మైకు పట్టేవాళ్లు ఏమంటారో అడిగి కింద రాయండి.