గుర్రానికి బంగారు యాపిల్ ఎందుకండీ?

సంపాదకుల వారికి నమస్కారం.

మీ ఆదివారం అనుబంధం పిల్లల పేజీలో మైన్‌క్రాఫ్ట్ అనే వీడియో గేము గురించి రాస్తున్నారని చూసి మా ఇంట్లో సంబరపడ్డాం. గేములాడితే కళ్లు పోతాయి, చదువు పోతుంది అనడమే తప్ప అసలు ఆ గేములో ఏముందో తెలుగులో రాసేవాళ్లు తక్కువ కదా. కానీ మొన్న గుర్రాల్ని మచ్చిక చేసుకోవడం గురించి వేసిన వ్యాసం సగం పాతబడింది, మిగతా సగం ఎవరో చెబితే విని రాసినట్టుంది. దాన్ని నమ్మి మా అమ్మాయి గనుల్లో తవ్వి దాచుకున్న బంగారమంతా గుర్రాల నోట్లో పోసింది.

ముందు ఆ బంగారం సంగతే చూద్దాం. అడవి గుర్రాన్ని లొంగదీయాలంటే బంగారు యాపిల్ పెట్టమని రాశారు. అక్కర్లేదండీ. చేతిలో ఏమీ లేకుండా వెళ్లి ఎక్కాలి, అది కింద పడేస్తుంది, మళ్లీ ఎక్కాలి, అంతే. గుర్రానికి లోపల ఒక లెక్క ఉంటుంది, పైకి కనబడదు. పడేసిన ప్రతిసారీ అది 5 పెరుగుతుంది, 100 దాకా. లెక్క పెరిగేకొద్దీ లొంగే అవకాశమూ పెరుగుతుంది, లొంగినప్పుడు చుట్టూ ఎర్రటి లవ్ సింబల్స్ వస్తాయి. గోధుమ గానీ పంచదార గానీ మామూలు యాపిల్ గానీ పెడితే 3 పెరుగుతుంది, బంగారు క్యారెట్‌కి 5, బంగారు యాపిల్‌కి 10. అంటే బంగారు యాపిల్ విలువ రెండుసార్లు కింద పడటమంత! పడటం ఉచితం, ఆ యాపిల్‌కేమో 8 బంగారు కడ్డీలు కావాలి. నాలుగు గోధుమలు పెడితే 12 వస్తుంది, బంగారు యాపిల్ కన్నా ఎక్కువే. పంచదారైతే నీళ్ల ఒడ్డున చెరకు కొట్టుకుంటే సరిపోతుంది. ఇక గడ్డి మోపు పెట్టమన్నారు, అది గుర్రం గాయాలు మాన్పుతుంది గానీ మచ్చిక లెక్కలో ఒక్క అంకె కూడా పెంచదు.

మచ్చికైన రెండు గుర్రాలకు పిల్లను పుట్టించాలంటే మాత్రం బంగారం కావాలి. అక్కడా బంగారు క్యారెట్ చాలు. ఒక కడ్డీని విడగొడితే 9 చిన్న ముక్కలొస్తాయి, క్యారెట్‌కి 8 పడతాయి. కడ్డీలో ఇంకో ముక్క మిగులుతుంది కూడా.

రెండోది, జీను. దాన్ని తయారుచేసుకోలేం, పెట్టెల్లో వెతుక్కోవాల్సిందే అని రాశారు. 2025 జూన్ దాకా అది నిజమే. గుర్రాలు ఈ గేములోకి 2013లో వచ్చాయి, అప్పట్నుంచీ జీను కోసం నేలమాళిగలు, ఎడారి గుళ్లు గాలించడం, లేదంటే చేపలు పడుతూ గాలానికి అదేమన్నా తగులుతుందేమోనని చూడటం, లేదా తోలు పనిచేసే ఊరివాడితో బేరం పెట్టుకోవడం, ఇదే దారి. ఈలోగా మచ్చికైన గుర్రం కంచెకు కట్టేసి ఉండేది, ఎందుకంటే జీను లేకుండా ఎక్కి కూర్చోవచ్చు గానీ మనం అనుకున్న వైపు నడపలేం. ఇప్పుడు మూడు తోళ్లు, ఒక ఇనుప కడ్డీ ఉంటే జీను చేసేసుకోవచ్చు. వెతుకులాటలో మజా పోయిందని పాత ఆటగాళ్లు గొణుగుతారు, నాకైతే ఈ మార్పే నచ్చింది. రోజుకు అరగంట ఆడనిచ్చే పిల్లలకు ఆ అరగంటంతా ఖాళీ పెట్టెలు తెరవడానికే పోతే ఏం బాగుంటుంది?

తెల్ల గుర్రం అన్నింటికన్నా వేగంగా పరిగెడుతుందన్న మాట ఎక్కడ దొరికిందో మరి. రంగుకీ వేగానికీ సంబంధమే లేదు. మంచి గుర్రమైతే సెకనుకు 14 బ్లాకుల (గేములో దూరాన్ని లెక్కపెట్టే దిమ్మెల) దాకా పోతుంది, చెత్త గుర్రం 5 కూడా దాటదు. మన మనిషి పరిగెడితేనే 5.6 పోతాడు! అందుకే మైదానంలో గుర్రాల మంద కనబడితే మొదటిదాంతో ఆగిపోకుండా రెండు మూడింటిని మచ్చిక చేసుకుని, జీను మార్చి మార్చి నడిపి చూడమని పిల్లలకు చెప్పాల్సింది. ఎంత ఎత్తు దూకగలదో కూడా అలాగే తేలుతుంది. మీ వ్యాసంలో పనికొచ్చే ఈ ఒక్క ముక్కే లేదు.

గాడిద గురించి రెండే వాక్యాలు రాసి వదిలేశారు, నిజానికి దూరం వెళ్లేవాళ్లకి అదే మేలు. పెట్టె తగిలిస్తే 15 గళ్ల సామాను మోస్తుంది, గుర్రం మోయదు. ఒంటెనైతే మచ్చిక చేసుకునే పనే లేదు, ఎడారి ఊళ్లో కనబడితే జీను వేసి ఎక్కడమే, వెనక ఇంకొకరిని కూడా కూర్చోబెట్టుకోవచ్చు. మా పిల్లలిద్దరూ సీటు కోసం కొట్టుకోకుండా ఉండేది దాని మీదే.

ఈ గేముని కంపెనీ వాళ్లు ఏడాదికి కొన్నిసార్లు మారుస్తుంటారు, కాబట్టి నిరుటి సమాచారం ఈ ఏడు తప్పయిపోవచ్చు. అందులో మీ తప్పేం లేదు. కాకపోతే ఇకపై ఇలాంటి వ్యాసం వేసినప్పుడు ఏ వెర్షన్ గురించి రాశారో పైన నంబరు వేయండి, వేసేముందు ఆడే పిల్లాడెవరికైనా చూపించండి. వచ్చే వారం లామాల (ఒంటె జాతి జంతువుల) గురించి అని ప్రకటించారు కాబట్టి ఇప్పుడే చెబుతున్నా: లామాని మచ్చిక చేసుకోవచ్చు, ఎక్కి కూర్చోవచ్చు, కానీ దాన్ని నడపడం మన చేతుల్లో ఉండదు, దానికి జీను పట్టదు. దయచేసి సవారీ జంతువు అని మాత్రం వేయకండి.

– మీ పాఠకుడు, తెనాలి