అమ్మను స్టేషన్‌కు వెళ్లకుండా ఆపిన వాళ్లకు

వకీలు అక్కా, పేరు రాయొద్దన్నారు కాబట్టి రాయడం లేదు. కానీ థాంక్స్ చెప్పకుండా ఉండటం మాత్రం నా వల్ల కాదు.

సంక్రాంతికి వారం ముందు ఒక సాయంత్రం అమ్మకు ఫోన్ వచ్చింది. "స్టేషన్ నుంచి మాట్లాడుతున్నాం, రేపు పొద్దున పదింటికి మీరూ మీ ఆయనా రండి." ఎందుకని అడిగేలోపే పెట్టేశారు. కాసేపటికి వాట్సాప్‌లో నోటీసు ఫొటో వచ్చింది. మా వీధిలో చీటీలు నడిపినామె ఇల్లు ఖాళీ చేసి మాయమైంది, ఆ కేసు గురించే ఈ నోటీసు. అమ్మ కూడా ఆ చీటీలో డబ్బు పోగొట్టుకున్నదే. అయినా ఆ రాత్రి అన్నం ముట్టలేదు. "ఇన్నేళ్లలో స్టేషన్ గడప తొక్కలేదురా, వీధిలో ఏమనుకుంటారు" అని ఒకటే మాట.

నేను చేసింది చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది. కార్పొరేటర్ వెంట తిరిగే ఒకాయనకు, ఎవరో పోలీసాఫీసర్ తెలుసన్న ఇంకొకాయనకు ఫోన్లు చేశాను. ఇద్దరూ "మాట్లాడతాలే" అన్నారు, అంతే. ఆఖరికి మా పాత ఇంట్లో పక్క పోర్షన్‌లో ఉండిన అక్క గుర్తొచ్చారు. నాంపల్లి కోర్టులో ప్రాక్టీస్. అప్పటికి రాత్రి పదిన్నర.

అక్క నా టెన్షన్ వినలేదు. "కేసు నంబర్ ఉందా? ఏ సెక్షన్?" అని అడిగారు. ఫొటో పెద్దది చేసి చూస్తే 179 అని ఉంది. "అయితే సాక్షిగా పిలిచారు. నిందితులకిచ్చే 35(3) నోటీసైతే వేరే సంగతి, దానికి వెళ్లాల్సిందే" అన్నారు. ఈ 179 అనేది, పాత సీఆర్‌పీసీ బదులు 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న క్రిమినల్ ప్రొసీజర్ చట్టం, భారతీయ నాగరిక సురక్షా సంహితలో సెక్షన్. దర్యాప్తు చేసే అధికారి తన స్టేషన్ లేదా పక్క స్టేషన్ పరిధిలో ఉన్నవాళ్లను రాతపూర్వకంగా పిలవొచ్చు. కానీ ఆడవాళ్లు, 15 ఏళ్లలోపు పిల్లలు, 60 దాటిన మగవాళ్లు, వికలాంగులు, తీవ్ర అనారోగ్యంతో ఉన్నవాళ్లు ఉన్నచోటి నుంచి కదలక్కర్లేదు. పోలీసులే ఇంటికి రావాలి. పాత చట్టంలో ఆ వయసు 65. నాన్నకు 62. "కొత్త చట్టం నన్ను ముసలోణ్ణి చేసింది, మంచిదే" అని ఆయన నవ్వాక ఇంట్లో గాలి కాస్త తేలికైంది.

అమ్మకు ధైర్యం రావడానికి అక్క ఇంకో సంగతి చెప్పారు. ఒడిశా మాజీ ముఖ్యమంత్రి నందినీ శతపథిని స్టేషన్‌కు పిలిపించినందుకు 1978లోనే సుప్రీంకోర్టు పోలీసులను తప్పుపట్టిందట. "ఆమెకున్న హక్కే నీకూ ఉంది పిన్నీ."

"అయితే వెళ్లకుండా ఊరుకుందాం" అన్నాను. అక్కకు కోపమొచ్చింది. ఇలాంటి నోటీసులు చట్టం చెప్పిన పద్ధతిలోనే అందించాలి, వాట్సాప్‌లో కాదు అని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పిన మాట నిజమే. కానీ మౌనంగా ఉంటే తప్పించుకుంటున్నట్టు కనిపిస్తుంది. అందుకే అప్పటికప్పుడు ఒక పేజీ ఉత్తరం రాయించారు. దర్యాప్తుకు సహకరిస్తాం, ఇంటి దగ్గర వివరాలు చెబుతాం, ఫలానా రోజు ఇంట్లోనే ఉంటాం. అందులో ఒక్క మాట కూడా పెడసరంగా లేదు.

ఆ ఉత్తరం పట్టుకుని నాతో స్టేషన్‌కు వచ్చిన రిటైర్డ్ హెడ్ కానిస్టేబుల్ బాబాయ్‌కి కూడా థాంక్స్. రెండో కాపీ మీద "అందింది" అని సంతకం, ముద్ర వేయించుకోవాలని నాకు తట్టేదే కాదు.

ఉత్తరం చదివిన ఎస్సై గారు విసుక్కోలేదు, అదీ చెప్పాలి. రెండ్రోజుల తర్వాత ఒక ఏఎస్సై, ఒక మహిళా కానిస్టేబుల్ ఇంటికొచ్చి, ముప్పావుగంట కూర్చుని అమ్మ చెప్పింది రాసుకున్నారు. అమ్మ అలవాటు కొద్దీ పెన్ను అందుకుంటే, "మాకిచ్చిన వాంగ్మూలం మీద సంతకం అక్కర్లేదమ్మా" అని ఏఎస్సై గారే ఆపారు.

చీటీ డబ్బు ఇంకా రాలేదు. అక్క ఫీజు తీసుకోలేదు, సకినాల డబ్బా మాత్రం తీసుకెళ్లారు. అక్కా, ఆ స్టీలు డబ్బా అమ్మ పెళ్లినాటిది. తను అడగొద్దంది, నేను అడుగుతున్నా.