డెజిమాను బస్సు అద్దంలోంచి చూపించి 'సందర్శన' అన్నారు: టూరు కంపెనీకి ఒక ఫిర్యాదు

హైదరాబాద్,
20 నవంబర్ 2023

మేనేజర్ గారికి,
కస్టమర్ సేవల విభాగం

విషయం: నాగసాకి హాఫ్ డే టూరులో చెప్పిన చోట్లు చూపించకపోవడం, డబ్బు వాపసు గురించి.

అయ్యా,

గత నెల మీ సంస్థ తీసుకెళ్ళిన జపాను క్రూయిజ్ బృందంలో నేనూ మా అక్కయ్యా ఉన్నాం. అక్టోబర్ 17న ఓడ నాగసాకిలో ఆగింది. ఆ ఉదయం మీరు నడిపిన హాఫ్ డే టూరుకు మనిషికి రూ. 6,800, గైడు మాట వినిపించే ఇయర్‌ఫోన్లకు విడిగా రూ. 350, ఇద్దరికీ కలిపి రూ. 14,300 హైదరాబాదులోనే కట్టాం. నవంబర్ 2న మీకు మెయిల్ పంపితే "మీ అభిప్రాయం మాకు ఎంతో విలువైనది" అని రెండు లైన్లు వచ్చాయి. నేను అడిగిన ఏ ప్రశ్నకూ అందులో జవాబు లేదు. అందుకే ఇప్పుడు కాగితం మీద రాసి రిజిస్టర్ పోస్టులో పంపుతున్నాను.

ముప్పై ఏళ్ళు బ్యాంకు కౌంటర్లో కూర్చున్నవాణ్ణి. నిమిషాలూ రూపాయలూ రాసుకునే అలవాటు రిటైరయినా పోలేదు. కింద రాసిన టైములన్నీ ఆ రోజు నా చిన్న డైరీలో అప్పటికప్పుడు రాసుకున్నవే.

మీ బ్రోచర్‌లో అయిదు చోట్లు ఉన్నాయి: పీస్ పార్కు, అణుబాంబు మ్యూజియం, డెజిమా (ఒకప్పుడు డచ్చివాళ్ళు వ్యాపారం చేసుకున్న చిన్న దీవి) సందర్శన, ఓవురా చర్చి, గ్లోవర్ గార్డెన్. ఉదయం 8:30కి బయల్దేరి ఒంటిగంటకు ఓడ దగ్గరికి. బయల్దేరడమే 9:20కి. ఇమిగ్రేషన్ క్యూ పొడుగ్గా ఉంది, దానికి మిమ్మల్ని తప్పు పట్టను. కానీ ఓడ దిగినవాళ్ళందరికీ ఆ క్యూ ఉంటుందని మీకు తెలియదా? తెలిసీ టైమ్‌టేబుల్లో దానికి అయిదు నిమిషాలైనా ఎందుకు పెట్టలేదు?

ముప్ఫై ఎనిమిది మందికి ఒకే గైడు. ఇయర్‌ఫోన్లు రాలేదు. "చార్జింగ్ అయిపోయింది సార్" అన్నాడు మీ కోఆర్డినేటర్ కుర్రాడు. ముప్ఫై ఎనిమిదింటికీ ఒక్కసారే!

గైడు గారి గురించి మాత్రం మంచే రాయాలి. అరవై దాటిన జపాను ఆవిడ. ఇంగ్లీషు నెమ్మదిగా, స్పష్టంగా మాట్లాడతారు. బాంబు మోసుకొచ్చిన విమానం మొదట వెళ్ళింది కొకురా అనే ఊరి మీదికనీ, అక్కడ కింద ఏమీ కనపడక నాగసాకి వైపు తిరిగిందనీ బస్సులోనే చెప్పారు. పీస్ పార్కులో పెద్ద విగ్రహం ముందు నిలబెట్టి, ఆకాశం వైపు ఎత్తిన కుడిచెయ్యి బాంబు ముప్పును చూపిస్తుందనీ, పక్కకు చాపిన ఎడమచెయ్యి శాంతికి గుర్తనీ వివరించారు. చుట్టూ ఉన్న పదిమందికి వినపడింది. వెనకాల ఉన్న మాకు ఆవిడ చేతులు ఊపడమే కనపడింది. ఆ తర్వాత అక్కయ్యను ముందుకు పిలిచి, పక్కనే నిలబెట్టుకుని, అదంతా మళ్ళీ చెప్పారు.

మ్యూజియంలో మాకిచ్చింది 25 నిమిషాలు. 10:25కి లోపలికి, 10:50కి బస్సులోకి. 1945 ఆగస్టు 9న ఆ ఊళ్ళో ఏం జరిగిందో, ఆ ఏడాది చివరికి దాదాపు 74 వేల మంది ఎలా పోయారో చూపించే చోటు అది. లోపలికి వెళ్ళగానే 11:02 దగ్గర ఆగిపోయిన గోడ గడియారం ఉంటుంది. ఇంకాస్త ముందుకు వెళితే వేడికి కరిగి ఒకదానికొకటి అతుక్కుపోయిన గాజు సీసాలు. అక్కయ్య ఆ సీసాల దగ్గర ఆగిపోయింది. "రండమ్మా, రండమ్మా, లేటవుతోంది" అంటూ మీ కుర్రాడు చప్పట్లు కొట్టాడు. మ్యూజియంలో, అదీ ఆ మ్యూజియంలో, చప్పట్లు. పక్కనున్న జపాను వాళ్ళు తలతిప్పి చూశారు. సిగ్గేసింది.

అంత తొందర దేనికయ్యా అంటే డ్యూటీ ఫ్రీ షాపుకి. బాంబు సరిగ్గా ఏ చోటికి పైన పేలిందో అక్కడ నల్లరాతి స్తంభం ఉన్న పార్కు మ్యూజియానికి దగ్గర్లోనే ఉంది. అక్కడ దించలేదు. 11:00కి షాపు ముందు దించారు. లోపలికి వెళ్ళాక గడియారం చూసుకుంటే 11:02. నా ఎదురుగా రైస్ కుక్కర్లు ఉన్నాయి. అక్కడ మమ్మల్ని 52 నిమిషాలు ఉంచారు. బ్రోచర్‌లో ఈ షాపు మాటే లేదు. మ్యూజియానికి 25, షాపుకి 52. మీ కమీషన్ సంగతి నేను అడగను, ఆ రెండంకెలు పక్కపక్కన పెట్టుకుని మీరే చూసుకోండి.

ఆ షాపులోనే ఇంకోటి జరిగింది. కాస్తెల్లా అనే కేకు ముక్కలు రుచి చూడమని పళ్ళెంలో తెచ్చారు. ఒకప్పుడు పోర్చుగీసు వాళ్ళు తెచ్చిన వంట అది, నాగసాకికి పేరు. మా అక్కయ్య శుద్ధ శాకాహారి, గుడ్డు కూడా ముట్టదు. "ప్యూర్ వెజ్ ఆంటీ, తినండి" అని మీ కుర్రాడు ముక్క చేతిలో పెట్టాడు. కాస్తెల్లా పొంగేదే గుడ్లతో! గైడు గారు చూసి, గబగబా వచ్చి, "ఎగ్, ఎగ్" అని ఆపారు కాబట్టి సరిపోయింది. తెలియకపోతే తెలియదనాలి. ప్రయాణంలో ముసలివాళ్ళు మీ మనిషి మాట నమ్మే తింటారు.

ఇక అసలు విషయం డెజిమా.

మాది బందరు పక్కన పెడన. మా నాన్నగారిది కలంకారీ అద్దకం పని. నేను చదువుకుని బ్యాంకులో చేరాను కానీ, అక్కయ్య పదేళ్ళ వయసు నుంచి ఆయన పక్కన బల్ల దగ్గర నిలబడింది. బట్టను కరక్కాయ నీళ్ళలో ముంచి ఆరేయడం, అచ్చు రంగులో అద్ది గుడ్డ మీద వేసి పిడికిలితో గుద్దడం, అన్నీ చేసింది. ఆవిడ కుడిచెయ్యి పిడికిలి చూస్తే ఇప్పటికీ తెలుస్తుంది. ఇప్పుడు ఆవిడకు 74.

డచ్చివాళ్ళు, మావైపు పాతకాలంలో వలందులనేవాళ్ళు, 1605లో బందరులో దిగారు. వలందపాలెం అన్న పేరు ఇంకా ఉంది, వాళ్ళ సమాధులూ ఉన్నాయి. ఆ డచ్చివాళ్ళకే 1641 నుంచి 1859 దాకా నాగసాకిలో ఉన్న చోటు డెజిమా. సముద్రం పూడ్చి విసనకర్ర ఆకారంలో కట్టిన చిన్న దీవి అది, నాలుగెకరాలు కూడా ఉండదు. జపాను తలుపులన్నీ మూసుకున్న రోజుల్లో యూరప్ వాళ్ళు వ్యాపారం చేసుకోవడానికి మిగిలిన ఒకే ఒక్క కిటికీ. ఊళ్ళోకి ఒకటే వంతెన, దాని దగ్గర కాపలా. మన కోరమండల్ తీరపు అద్దకం బట్టలు డచ్చి ఓడల్లో అక్కడిదాకా వెళ్ళాయి. జపాను వాళ్ళు వాటిని 'సరస' అని పిలిచి, టీ పాత్రలు చుట్టే సంచులకు కూడా దాచి దాచి వాడుకున్నారు. తిరుగు ఓడల్లో జపాను రాగి మన తీరానికి వచ్చేది. అక్కయ్యకు ఇది నేనే చెప్పాను. "అయితే మనవాళ్ళ గుడ్డ దిగిన రేవు ఒకసారి చూడాలిరా" అంది. ఇన్ని టూర్ల మధ్య మీ టూరే ఎందుకు ఎంచుకున్నామంటే, మీ బ్రోచర్‌లో 'డెజిమా సందర్శన' అని తెలుగులో అచ్చువేసి ఉంది కాబట్టి.

షాపు నుంచి బయల్దేరాక, 12:04కి, మీ కుర్రాడు మైకులో "లెఫ్ట్ సైడ్ చూడండి, డెజిమా" అన్నాడు. మేము కుడివైపు కూర్చున్నాం. అక్కయ్య లేచి నిలబడేలోపు సిగ్నల్ పచ్చగా మారింది, బస్సు మలుపు తిరిగింది. డెజిమా చుట్టూ సముద్రాన్ని ఎప్పుడో పూడ్చేశారు. బయట నుంచి చూస్తే కాలువ పక్కన గోడా పాత ఇళ్ళ కప్పులూ తప్ప దీవి అని పోల్చుకోలేం. దిగి, లోపలికి వెళితేనే ఏదైనా తెలిసేది. ఎందుకు ఆపలేదని అడిగితే "అది పనోరమిక్ విజిట్ సార్" అన్నాడు. ఆ ముక్క బ్రోచర్‌లో ఎక్కడుందో భూతద్దం పెట్టి వెతికాను, లేదు. సందర్శన అంటే వెళ్ళి చూడడం. బస్సులోంచి చూస్తే మా ఊళ్ళో దాన్ని దాటిపోవడం అంటారు.

12:15కి గ్లోవర్ గార్డెన్ ఎత్తు కింద దించారు. ఓవురా చర్చి మెట్ల దగ్గర గైడు గారు రెండు నిమిషాలు ఆగి, 1865లో రహస్యంగా క్రైస్తవులుగా బతుకుతున్నవాళ్ళు ఈ చర్చికి వచ్చి తమ సంగతి బయటపెట్టారని చెప్పారు. రెండున్నర శతాబ్దాలు దాచుకున్న విశ్వాసం అది. లోపలికి వెళ్దామంటే "చర్చి టికెట్ ఇన్‌క్లూడ్ కాదు" అన్నాడు మీవాడు. గ్లోవర్ గార్డెన్ బాగుంది, దాచడమెందుకు. 1863 నాటి చెక్క ఇల్లు, పైనుంచి రేవంతా కనపడుతుంది, మా ఓడ కూడా కనపడింది. కనపడదా మరి, ఓడ ఆగిన టెర్మినల్ నుంచి అక్కడికి పదినిమిషాల నడక! మోకాళ్ళు నొప్పిగా ఉన్నవాళ్ళు లిఫ్టులో పైకి వెళ్ళే దారి ఇంకోవైపు ఉందని గైడు గారు అన్నారు. "టైము లేదు" అని అందర్నీ ఎత్తు ఎక్కించారు. దిగేసరికి అక్కయ్య మోకాలు వాచింది.

ఒంటిగంటా పదికి ఓడ దగ్గర ఉన్నాం. ఓడ ఎక్కాల్సిన ఆఖరి టైము సాయంత్రం 4:30. అంటే ఇంకా మూడు గంటల పైచిలుకు చేతిలో ఉంది. టైము లేదన్న మాట ఎంత నిజమో దీన్ని బట్టి మీకే తెలుస్తుంది.

అక్కయ్యను క్యాబిన్‌లో పడుకోబెట్టి నేనొక్కణ్ణే నడుచుకుంటూ డెజిమాకి వెళ్ళాను. ఇరవై నిమిషాల దారి. టికెట్ 520 యెన్లు. 2017లో కట్టిన కొత్త వంతెన మీదుగా లోపలికి వెళ్ళి, గంటా పది నిమిషాలు తిరిగాను. డచ్చి వ్యాపారుల పెద్ద ఉండిన ఇంట్లో చాప పరిచిన నేల మీదే కుర్చీలూ భోజనాల బల్లా వేసి ఉన్నాయి. చెప్పులు విప్పి తిరిగాను. చూసింది నేను. చూడాల్సింది అక్కయ్య. తిరిగొచ్చి ఫోన్లో ఫోటోలు చూపిస్తే ఒక్కొక్కటీ పెద్దది చేసుకుని చూసి, "గుడ్డలు ఏ గదిలో పెట్టేవాళ్ళో అడిగావా?" అంది. అడగలేదు. నాకు తోచలేదు.

నేను అడిగేది ఇంత. అయిదు చోట్లలో డెజిమా, ఓవురా చర్చి రెండూ చూపించలేదు. రూ. 13,600లో అయిదింట రెండు వంతులు రూ. 5,440. ఇవ్వని ఇయర్‌ఫోన్లకు రూ. 700. మొత్తం రూ. 6,140. మనస్తాపానికి రేటు కట్టడం నాకు చేతకాదు, అందుకని అది అడగడం లేదు. దీంతోపాటు మీ బ్రోచర్‌లో డెజిమా పక్కన 'బస్సులోంచి' అనీ, షాపు దగ్గర ఎన్ని నిమిషాలో అనీ తెలుగులోనే అచ్చువేయండి. తర్వాత వెళ్ళేవాళ్ళు చూసుకుని కడతారు.

ఈ ఉత్తరం అందిన 15 రోజుల్లో డబ్బు నా ఖాతాలో పడకపోతే 1915 వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో నమోదు చేయించి, 2019 చట్టం ప్రకారం నేనున్న జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే కేసు వేస్తాను. రిటైరైనవాణ్ణి, నాకు తీరికే.

ఇట్లు,
మీ ప్రయాణికుడు
(పేరు, ఫోను, ఖాతా వివరాలు వేరే కాగితంలో)

జతపరిచినవి: రసీదు, బ్రోచర్ నకలు, డైరీ పేజీ నకలు, డెజిమాలో నేను కొనుక్కున్న టికెట్ నకలు.

తా.క.: గైడు గారికి ఈ ఫిర్యాదు వల్ల ఒక్క మాట కూడా పడకూడదు. బస్సు ఎక్కడ ఎంతసేపు ఆగాలన్నది ఆవిడ చేతిలో లేదని మాకు కళ్ళారా తెలుసు. వీలైతే కేకు దగ్గర ఆపినందుకు అక్కయ్య నమస్కారాలు చెప్పిందని ఆవిడకు అందజేయండి.