బాపు గోలీ బంద్ చేసి పౌడర్ తాగిండు: ఆరోగ్య శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

తెలంగాణ వైద్య ఆరోగ్య శాఖ మంత్రి గారికి,

నమస్తే సార్. నేను పరకాల రోడ్డు మీద ఒక రైస్ మిల్లుల గుమస్తాగ చేస్త. లారీలకు కాటా చీటీలు రాసుడు, బస్తాల లెక్క చూసుడు, గదే నా పని. డిగ్రీల బీజడ్సీ, అంటే బాటనీ, జువాలజీ, కెమిస్ట్రీ చదివిన గని ఆ చదువు ఇన్నేండ్లు ఎందుకూ అక్కరకు రాలె, ఈ నాలుగు నెలల్నే అక్కరకొచ్చింది, అది కూడ మా బాపు చేసిన పని వల్ల. ఈ ముచ్చట మీకు ఒక్కరికే రాస్తె ఏదో ఒక ఫైల్ల పడి ఉంటదని అందరు చదివేటట్టు రాస్తున్న, తప్పనుకోకుండ్రి.

బాపుకు 63 ఏండ్లు. రెండేండ్ల కింద గుండెనొప్పి వస్తే ఆరోగ్యశ్రీ కింద స్టెంట్ ఏసిండ్రు, మాకు ఒక్క రూపాయి ఖర్చు కాలె, దానికైతే మీ శాఖకు దండం పెట్టాలె. డాక్టర్ రాసిన గోలీలల్ల రాత్రి ఏసుకునేది ఒకటుంటది, అటోర్వాస్టాటిన్, కొలెస్ట్రాల్ తగ్గించే స్టాటిన్ గోలీలల్ల ఒకటి. స్టెంట్‌కు ముందు ఆయన ఎల్‌డీఎల్, అదే మనం చెడు కొలెస్ట్రాల్ అంటం కద, 158 ఉండె. గోలీ మొదలైనంక 74కు దిగింది. అంత మంచిగనే నడుస్తున్నది అనుకున్నం.

అప్పుడు ఒకనాడు పేపర్‌ల పెట్టి ఒక పాంప్లెట్ వచ్చింది, ఉచిత గుండె పరీక్షల క్యాంప్ అని, ఫలానా ఫంక్షన్ హాల్ల అని. ఆ కంపెనీ పేరు నేను రాస్తలేను. బాపును బండి మీద ఎక్కించుకొని తీస్కపోయింది నేనే సార్, ఆ తప్పు నాదే. బీపీ చూసిండ్రు, వేలికి గుచ్చి షుగర్ చూసిండ్రు, టీ బిస్కెట్ ఇచ్చిండ్రు, తర్వాత స్క్రీన్ మీద నల్లా పైపుల నాచు పట్టినట్టు రక్తనాళం వీడియో ఏసిండ్రు. కుర్చీలు సాలక ఎనుక గోడకు ఆనుకొని నిలబడ్డరు జనం, అంత మన అమ్మలు, బాపుల వయసోళ్ళే. గదే టైంల లారీ డ్రైవర్ ఫోన్ చేస్తే నేను బయటికి పోయిన, ఇరవై నిమిషాలు మాట్లాడిన, నేను మళ్ళ లోపలికి వచ్చేవరకు బాపు చేతిల కొలెస్ట్రాల్ తగ్గిస్తదనే పౌడర్ డబ్బాలు మూడు ఉన్నయ్. ఒక్కటైతే 1,950, మూడు తీస్కుంటే 5,400. వడ్ల పైసలు బాపు అంగి లోపలి జేబుల పెట్టుకునుడు అలవాటు, అందులకెళ్ళి తీసి ఇచ్చేసిండు.

లోపల ఏం చెప్పిండ్రో నాకు మూడు నెలల తర్వాత తెలిసింది. మైక్ పట్టుకున్న పిల్ల చెప్పిందట, "అంకుల్, ఆ గోలీలు ఏండ్లకు ఏండ్లు మింగితే లివర్ ఖరాబ్ అయితది, ఇది మొక్కలకెళ్ళి తీసింది, పరగడుపున గోరువెచ్చని నీళ్ళల్ల కలుపుకొని తాగుండ్రి, గోలీ అవసరమే ఉండదు" అని. బాపు నాకు చెప్పకుండ రాత్రి గోలీ బంద్ చేసిండు, ఖాళీ అయిన షీట్లు కనవడకపోతే మేము అడుగుతమని దినాం ఒక గోలీ తీసి బాయిల పారేసిండట. మూడు నెలలకు రక్తం చూపిస్తే ఎల్‌డీఎల్ 146. డాక్టర్ రిపోర్టు చూసి "గోలీ ఏసుకుంటున్నవా పెద్దాయనా" అని ఒక్కటే మాట అడిగిండు. బాపు నా దిక్కు చూసిండు. ఇంటికి వచ్చినంక నేను గట్టిగ అరిచిన, "మొక్కలది గద బిడ్డా, ఆకుకూర తిన్నట్టే అనుకున్న" అన్నడు.

ఆ రాత్రి ట్యూబ్‌లైట్ కింద డబ్బా పట్టుకొని కూసున్న. నువ్వుగింజల కంటె సన్న అక్షరాలు, అన్నీ ఇంగ్లీష్, ఫోన్‌ల ఫొటో తీసి పెద్దగ చేసుకుంటె తప్ప కనవడలె. ప్లాంట్ స్టెరాల్స్ (మొక్కలల్ల ఉండే, కొలెస్ట్రాల్ అసొంటి పదార్థం) ఉన్నయ్, డాక్టర్ సలహాతోనే వాడాలె, గర్భిణులకు, పాలిచ్చే తల్లులకు, ఐదేండ్ల లోపు పిల్లలకు తగినది కాకపోవచ్చు అని రాసి ఉన్నది. ఇసొంటి హెచ్చరికలు రాయాలనే కేంద్రం లేబుల్ రూల్స్ చెప్తయ్. అంటే డబ్బా మీద అబద్ధం లేదు సార్, అబద్ధం మైక్‌ల ఉండె.

ఇంకో మాట, నేను ఈ ప్లాంట్ స్టెరాల్స్ అంత మోసం అని రాస్తలేను. అట్ల అంటె నేను కూడ మైక్ పట్టుకున్నట్టే అయితది. అవి నిజంగ పనిచేస్తయ్, ఎంత పనిచేస్తయ్ అన్నదే అసలు లెక్క. బాపుకు నేను చెప్పిన తీరు మీకూ చెప్త. మన పరకాల బస్టాండ్ల బస్ రాంగనే కిటికీలకెళ్ళి దస్తీ ఏసి సీట్ ఆపుతరు కద. మన పేగులల్ల పిత్తరసం తోని చిన్న చిన్న మోత బండ్లు తయారైతయ్, కొలెస్ట్రాల్ వాటిల ఎక్కి పేగు గోడ దాక పోతది. ప్లాంట్ స్టెరాల్ చూడ్డానికి అచ్చం కొలెస్ట్రాల్ లెక్కనే ఉంటది, పోయి ఆ బండ్లల్ల సీట్లకు దస్తీలు ఏస్తది, కొలెస్ట్రాల్ ఎక్కలేక కింద మిగిలి బయటికి పోతది. మరి స్టెరాల్ లోపలికి పోదా అంటె కొంచెం పోతది, గని పేగు కణాలల్ల ఒక కండక్టర్ ఉంటడు, టికెట్ లేదని పట్టుకొని మళ్ళ పేగులకే దింపేస్తడు. ఆ కండక్టర్ పుట్టుకతోనే లేని మనుషులు కొందరుంటరు, సైటోస్టెరోలీమియా అంటరు, చాన అరుదు, వాళ్ళకు ఈ పౌడరే విషం లెక్క, స్టెరాల్స్ రక్తంల పేరుకుపోతయ్.

అయితే సార్, ఈ దస్తీలు ఏసుడు అంత అన్నం తినే టైంల జరగాలె, ఎందుకంటె పిత్తరసం ఎక్కువ దిగేది అప్పుడే. పరగడుపున నీళ్ళల్ల తాగుమన్నోళ్ళకు తాము అమ్మే సరుకు సంగతి కూడ తెల్వదన్నట్టు. ఇంకోటి, ఒంట్ల ఉన్న కొలెస్ట్రాల్‌ల ఎక్కువ భాగం తిండిది కాదు, ఒళ్ళు సొంతంగ తయారు చేసుకునేదే, అందుల లివర్ పాత్ర పెద్దది. పేగుల కాడ బస్ ఆపితే లివర్ ఇంకొంచెం ఎక్కువ తయారు చేస్తది. అందుకే దినాం 2 గ్రాముల స్టెరాల్ తిన్నా ఎల్‌డీఎల్ 8 నుంచి 10 శాతం తగ్గుతది, అంతే. స్టాటిన్ గోలీ లివర్‌ల ఆ తయారీనే తగ్గిస్తది, పెద్ద డోస్ అయితె సగం దాక దించుతది. మా బాపు 158ల పది శాతం తీసి చూడుండ్రి, 142 చిల్లర. పౌడర్ మీద వచ్చింది 146. పౌడర్ తన పని తాను చేసింది, గోలీ పని అది చెయ్యలె, చెయ్యలేదు కూడ.

ఈ సరుకు కొత్తది కూడ కాదు. ఫిన్లాండ్‌ల 1995ల దీని అన్నదమ్ముడు స్టానాల్ కలిపిన మార్జరిన్‌ను బెనెకాల్ అని అమ్ముడు మొదలు పెట్టిండ్రు, బ్రెడ్‌కు పూసుకునేది. అమెరికాల 2000ల లేబుల్ మీద గుండెకు మంచిదనే మాట రాసుకోనిచ్చిండ్రు. గని బ్రిటన్‌ల నైస్ అనే ప్రభుత్వ సంస్థ 2014ల గుండె జబ్బు రాకుండ ఉండాలని వీటిని సలహా ఇయ్యకుండ్రి అని డాక్టర్లకు చెప్పింది, అదే ఏడు యూరప్ నిపుణుల సంఘం ఒకటి ఆహారంతో పాటు కొందరికి ఆలోచించొచ్చు అన్నది. ఈ తేడా ఎందుకంటె, ఎల్‌డీఎల్ తగ్గినట్టు లెక్కలున్నయ్ గని, స్టెరాల్ తిన్నోళ్ళకు గుండెపోట్లు తగ్గినయ్ అని చూపించే పెద్ద ట్రయల్, అంటే మనుషుల మీద చేసిన పరీక్ష, లేదు. స్టాటిన్లకు అట్లాంటి ట్రయల్స్ ఎన్నో ఉన్నయ్. పేగుల కాడనే కొలెస్ట్రాల్‌ను ఆపే ఎజెటిమైబ్ గోలీకి కూడ 2015ల 18 వేల పైన మంది మీద చేసిన ట్రయల్ ఉన్నది.

ఇగ మన ఇంటి దిక్కు వస్త. ఈ ముచ్చట మా చుట్టాల గ్రూప్‌ల పెడితే ఒకాయన "పౌడర్ ఎందుకు, మన నువ్వులల్ల లేవా స్టెరాల్స్, సకినాలు తిను చాలు" అని పెట్టిండు. ఉన్నయ్, నిజమే, గింజలల్ల నువ్వులది మంచి స్థానం, 100 గ్రాములల్ల 400 నుంచి 700 మిల్లీగ్రాముల దాక ఉంటయ్. గని 2 గ్రాములు కావాలంటె దినాం 300 నుంచి 500 గ్రాముల నువ్వులు తినాలె, అది ఎవలతోని కాదు, తిన్నా 1,700 క్యాలరీలు దాటుతయ్. ఇగ సకినాలంటరా, మా అమ్మ సంక్రాంతికి బట్ట మీద చుట్టి ఆరినంక కాగే నూనెల ఏస్తది, ఒక్కొక్కటి నాలుగు గింజల నువ్వులకు చెంచెడు నూనె తాగుతది, దానికి గుండె మందు అని పేరు పెడితె ఎట్ల. మామూలు తిండిల దినానికి 200 నుంచి 400 మిల్లీగ్రాముల స్టెరాల్స్ వస్తయ్, పప్పులు, పల్లీలు, నువ్వుల పొడి, కూరగాయలు మంచిగ తినేటోళ్ళకు ఇంకొంచెం ఎక్కువ. అది మంచి తిండే, అందుల పీచు ఉంటది, మంచి కొవ్వు ఉంటది, గోలీకి తోడు నడుస్తది.

నాకు నవ్వొచ్చేది ఇంకొకటి. మా మిల్లుల వడ్లు పట్టంగ వచ్చే తవుడుల ఈ స్టెరాల్స్ గట్టిగ ఉంటయ్, రైస్ బ్రాన్ ఆయిల్ 100 గ్రాములల్ల గ్రాము పైననే. తవుడును ఎక్కువ సేపు ఉంచరాదు, పట్టిన కాన్నుంచే ఎంజైమ్ నూనెను ఖరాబ్ చేస్తుంటది, చెయ్యి పెట్టి చూస్తె ఎచ్చగ తగుల్తది, రెండో నాటికే వాసన మారుతది, అందుకే మేము లారీని అర్ధరాత్రి అయినా నూనె తీసే సాల్వెంట్ ప్లాంట్‌కు తోల్తం. నూనె పట్నంల గుండె బొమ్మ ఉన్న ప్యాకెట్ల అయి కూసుంటది. తవుడు పట్టిన మా హమాలీలు సాయంత్రం కిరాణంల పామాయిల్ ప్యాకెట్ కొంటరు, ఎందుకంటె సస్త. అందుల స్టెరాల్స్ తక్కువ, ఎల్‌డీఎల్ పెంచే సాచురేటెడ్ కొవ్వు ఎక్కువ. ప్యాకెట్ మీద "కొలెస్ట్రాల్ ఫ్రీ" అని ఉంటది మళ్ళ, చెట్టు నూనెల కొలెస్ట్రాల్ లెక్కకొచ్చేంత ఏడ ఉంటది సార్, నీళ్ళ బాటిల్ మీద "ఎముకలు లేవు" అని రాసినట్టు. నేను బ్రాన్ ఆయిల్ తాగుమంటలేను, ఏ నూనె అయినా తక్కువ వాడుడే మంచిదని డాక్టర్ చెప్పిండు.

సార్, మీరు చేయగలిగినయ్ అడుగుత. ఫంక్షన్ హాళ్ళల్ల ఇట్ల ఉచిత పరీక్షల పేరు మీద అమ్మకాలు పెట్టేటోళ్ళు జిల్లా వైద్యాధికారికి ముందుగల చెప్పి, అమ్మే సరుకు లేబుల్ చూపించాలని ఒక ఆర్డర్ ఇయ్యుండ్రి, ఫుడ్ సేఫ్టీ ఆఫీసర్‌ను ఒక్కసారి మామూలు బట్టలల్ల పంపి ఎనుక కుర్చీల కూసోబెట్టుండ్రి, మైక్‌ల ఏం చెప్తున్నరో రాసుకొస్తడు. తప్పుడు ప్రకటనకు 2006 ఆహార భద్రత చట్టంల 53వ సెక్షన్ కింద 10 లక్షల దాక జరిమానా ఉన్నది, కొత్త చట్టం అక్కర లేదు. రెండోది, బీపీ షుగర్ గోలీలు ఇచ్చే కాడ స్టాటిన్ ఇస్తున్నప్పుడు కవర్ మీద పెద్ద తెలుగు అక్షరాలల్ల "డాక్టర్ చెప్పకుండ ఈ గోలీ ఆపొద్దు, పౌడర్ దీనికి బదులు కాదు" అని ఒక్క ముద్ర ఏపియ్యుండ్రి. ముద్రకు ఎంత ఖర్చు అయితది. ఇంటింటికి తిరిగే ఆశా అక్కలకు కూడ ఈ ఒక్క ప్రశ్న నేర్పుండ్రి, గోలీ ఏసుకుంటున్నవా అని కాదు, "గోలీ కాకుండ ఇంకేమన్న తాగుతున్నవా" అని, ఎందుకంటె మొదటి ప్రశ్నకు మా బాపు అసొంటోళ్ళు అవ్ అనే చెప్తరు.

లేబుల్ సంగతి కేంద్రం చేతిల ఉన్నది, ఇంగ్లీష్ గని హిందీ గని ఉంటే చాలు అంటది రూల్. ఇసొంటి సరుకు తెలంగాణల అమ్మితే హెచ్చరిక వరకన్న తెలుగుల ఉండాలని మీరు ఒక ఉత్తరం రాయుండ్రి. హైదరాబాద్ తార్నాకల జాతీయ పోషకాహార సంస్థ మన రాష్ట్రంలనే ఉన్నది, దేశానికంతటికి 2024ల ఆహార మార్గదర్శకాలు ఇచ్చింది వాళ్ళే, మన జొన్న రొట్టె, పచ్చి పులుసు, పల్లి చట్నీ లెక్కన గుండె రోగులకు ఒక పేజీ రాయించుండ్రి.

బాపు మళ్ళ గోలీ ఏసుకుంటున్నడు, ఇప్పుడు మా అమ్మ ముంగట నిలబడి మింగుతడు, నోరు తెరిచి చూపిస్తడు కూడ. ఎల్‌డీఎల్ వచ్చే నెల చూడాలె. మూడో డబ్బా సగం మిగిలింది, పారెయ్యలె, బ్యాచ్ నంబర్, తేదీ మంచిగ కనవడుతున్నయ్, పాంప్లెట్ కూడ ఉన్నది. మీ ఆఫీస్ నుంచి ఎవరన్న అడిగితే ఆర్టీసీ పార్సిల్‌ల ఏస్త.

ఇట్లు,
ఒక రైస్ మిల్లు గుమస్తా,
పరకాల, హనుమకొండ జిల్లా