అది 1969 నాటి షాట్ కాదు!

ప్రియ మిత్రమా,

ఇంతకాలం జవాబు రాయనందుకు క్షమించు. ఇంట్లో అందరం కులాసాగా ఉన్నాము. మిగతా కబుర్లు మరోసారి రాస్తాను. ఈ ఒక్క సంగతి మాత్రం నీకు చెప్పేదాకా నా మనసు ఊరుకునేలా లేదు.

చంద్రయాత్ర డాక్యుమెంటరీకి పాత ఫుటేజీ వెతికిపెట్టే పని ఒప్పుకున్నానని రాశాను కదా. రాకెట్ దశలు విడిపోయాక వాటి నడుమ ఉండే పెద్ద వలయం మెల్లగా దొర్లుతూ భూమివైపు జారిపోయే దృశ్యాన్ని నువ్వూ చూసే ఉంటావు. మా దర్శకుడికి ఆ షాట్ అంటే ప్రాణం. పాత ఫుటేజీ అమ్మే ఒక ఏజెన్సీ దానికి "అపోలో 11, జూలై 1969" అని, అంటే మనిషి తొలిసారి చంద్రుడి మీద దిగిన యాత్రదని, పేరు పెట్టి, సెకన్ల లెక్కన ధర కట్టి, వాటర్‌మార్క్ వేసిన కాపీని పంపగా, ఎడిటర్ దాన్ని అప్పుడే కూర్పులో చేర్చేశాడు. నాకు మాత్రం మన గురువుగారి ప్రశ్న గుర్తుకొచ్చింది: "ఫిలిం డబ్బా ఎక్కడ?" అది ఫిలిం మీద తీసిన దృశ్యం. అంత ఎత్తున తీసిన ఫిలిం నేలకు ఎలా చేరింది?

ఆ ప్రశ్న పట్టుకుని వెళితే, 1967 నవంబరు నాటి అపోలో 4, 1968 ఏప్రిల్ నాటి అపోలో 6 దగ్గర తేలాను. రెండూ మనుషులు లేని పరీక్షా ప్రయోగాలే. వాటిలో అమర్చిన కెమెరాల పెట్టెలు రాకెట్ నుంచి విడివడి, పారాచూట్లతో సముద్రంలో దిగితే, రేడియో సంకేతాల ఆధారంగా ఓడలవారు వాటిని వెతికి తెచ్చారు! ఎంత అద్భుతమో చూడు.

ఏజెన్సీకి రాస్తే, "అందరూ అలాగే వాడుతున్నారు" అని జవాబిచ్చారు. నాకు నిజంగా బాధ కలిగింది. నాసా సొంతంగా తీసిన దృశ్యాలకు సాధారణంగా కాపీరైటు ఉండదు కాబట్టి, ఏజెన్సీకి ఇచ్చే సొమ్ము ప్రధానంగా మంచి స్కాన్ కోసం, సరైన వివరాల కోసమే. ఆ వివరాలే తప్పయితే ఇక కొనేదేమిటి? అపోలో 11 యాత్రలో చంద్రుడి మీద నుంచి సెకనుకు 10 ఫ్రేముల చొప్పున వచ్చిన అసలు ప్రసారపు టేపులను చెరిపి మళ్లీ వాడేసి ఉంటారని 2009లో నాసాయే చెప్పింది. పోయినవి ఎలాగూ పోయాయి. మిగిలిన వాటికైనా సరైన తేదీ ఉండాలి కదా!

షాట్‌ను తీసేయమని నేను అనలేదు; పరీక్షా ప్రయోగాల భాగంలోకి మార్చి, తెర మీద అసలు సంవత్సరం వేయమన్నాను. దర్శకుడు చాలాసేపు మాట్లాడలేదు, ఆ తరువాత ఒప్పుకున్నాడు. అయితే అది 4వదా, 6వదా అన్నది ఫ్రేములు పోల్చి చూసుకోవాలి, అందుకోసం... ఎడిటర్ పిలుస్తున్నాడు, మాస్టర్ కాపీ వచ్చిందట. ఇక ఉంటాను.

నీ మిత్రుడు