ఊరి మీద తీసిన సినిమా ముందు ఊరే చూడాలి

సంపాదకుడు గారికి,

మన ఆంధ్రప్రదేశ్‌లో డిగ్రీ మొదటి ఏడాది పూర్తయిన పిల్లలు వేసవిలో రెండు నెలలు కమ్యూనిటీ సర్వీస్ ప్రాజెక్టు చేయాలి, అంటే ఒక ఊళ్లో ఇంటింటి సర్వే చేసి రిపోర్టు ఇవ్వాలి. ఉద్దేశం మంచిదే. జరిగేదేమిటో పాఠాలు చెప్పే మాలాంటివాళ్లకు తెలుసు. నాలుగిళ్లు తిరిగి, మిగతా ప్రశ్నావళి గదిలో కూర్చుని నింపేసి, నిరుటి సీనియర్ రిపోర్టుకే స్పైరల్ బైండింగ్ చేయిస్తారు. నేను దిద్దిన ఒక రిపోర్టులో సగం దాకా ఒక ఊరు, అక్కణ్నుంచి ఇంకో ఊరు!

రిపోర్టుకు బదులు పది నిమిషాల డాక్యుమెంటరీ ఇచ్చే వీలు కల్పించాలని ఉన్నత విద్యామండలిని కోరుతున్నాను. ఫోన్లు పిల్లల జేబుల్లోనే ఉన్నాయి. ఎలా చూడాలో నేర్పాలి.

అందుకు గురువులు తెలంగాణలో జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో ఉన్నారు. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ సంఘాల మహిళలు, ఎక్కువమంది దళిత రైతులు, చాలామంది బడి మొహం చూడనివాళ్లు, కెమెరా పట్టి రెండు దశాబ్దాలు దాటింది. దూరదర్శన్‌లో పనిచేసి వచ్చిన పి.వి. సతీశ్ (2023లో కన్నుమూశారు) వాళ్ల వెన్నంటి నిలిచారు. పైనుంచి కిందికి తీసేదాన్ని వాళ్లు ‘పటేల్ షాట్’ అంటారు, దొర జీతగాణ్ని చూసే చూపు అదే కనుక. మనిషికి సమానంగా కెమెరా పెడితే ‘సంఘం షాట్’. కెమెరా ఎత్తు గురించి ఇంత సూటి పాఠం మా జర్నలిజం సిలబస్‌లో లేదు. 2002లో జన్యుమార్పిడి చేసిన బీటీ పత్తికి అనుమతి వచ్చాక వరంగల్ రైతుల చేలకు వెళ్లి వాళ్ల గోడు చిత్రీకరించింది కూడా ఈ ఆడవాళ్లే.

ఒక్క షరతు మాత్రం పెట్టాలి. సినిమా కాలేజీకి చేరేముందు ఆ ఊళ్లోనే వేయాలి. హైస్కూళ్లలో బడుల బాగుకోసం తెచ్చిన నాడు–నేడు పథకం కింద పెట్టిన పెద్ద తెరలు సాయంత్రమైతే ఖాళీయే. తెర మీద కనిపించిన మనిషి ‘నన్ను తీసెయ్ బాబూ’ అంటే మారుమాట లేకుండా తీసేయాలి. లేకపోతే ముసలమ్మ కన్నీళ్లకు వయొలిన్ జోడించి రీలు చేసేవాళ్లే తయారవుతారు, ఇప్పటికే బోలెడుమంది ఉన్నారు.

తాగునీటి ట్యాంకు కడగట్లేదని సినిమాలో వస్తే సర్పంచికి కోపం రావచ్చు. రానివ్వండి. ఆయన జవాబూ అందులో ఉండేలా చూసుకోమని పిల్లలకు చెబుదాం. ఇష్టపడిన కొన్ని కాలేజీల్లో వచ్చే వేసవి బ్యాచ్‌తోనే మొదలుపెట్టవచ్చు.

— ఒక జర్నలిజం అధ్యాపకుడు, అనంతపురం